పెంట పొలానికి దూరమైతే

గుడ్లు పెట్టే లేయర్ కోడి రోజుకు దాదాపు 110 గ్రాముల దాణా తింటుంది. ఆ దాణాలోని మాంసకృత్తులను నత్రజని లెక్కలోకి మారిస్తే సుమారు 3 గ్రాములు. అందులో గుడ్డులోకి చేరేది ఒక గ్రాము. మిగతా రెండు గ్రాములూ రెట్టలో బయటికి వచ్చేస్తాయి. పెరట్లో తిరిగే నాలుగు కోళ్ల విషయంలో ఇది ఎవరూ పట్టించుకోనక్కర్లేని సంగతి. లక్ష కోళ్ల ఫారంలో మాత్రం అది రోజుకు 200 కిలోల నత్రజని, అంటే పది యూరియా బస్తాల్లో ఉండేంత. తడి రెట్టగా తూస్తే పది టన్నులు. గుడ్డు ధర పడిపోయినా, వాన వారం రోజులు విడవకుండా కురిసినా ఆ పది టన్నులు పడుతూనే ఉంటాయి. అవి ఎక్కడికి పోవాలి?

పెద్ద ఎత్తున పశువులనూ కోళ్లనూ పెంచడం వల్ల ప్రకృతికి జరిగే నష్టం గురించి మాట మొదలైతే అది చాలావరకు వాతావరణ మార్పు దగ్గరికే చేరుతుంది. ఐక్యరాజ్యసమితి ఆహార, వ్యవసాయ సంస్థ 2006లో, మనుషుల వల్ల వెలువడే, భూమిని వేడెక్కించే వాయువుల్లో పశుపోషణ వాటా 18 శాతమని చెప్పింది. 2013లో పద్ధతి మార్చి 14.5 శాతమంది. 2023 నాటి నివేదికలో అది సుమారు 12 శాతం. లెక్క కట్టే తీరు మారేకొద్దీ అంకె మారింది కాబట్టి ఈ మూడింటినీ పక్కపక్కన పెట్టి నష్టం తగ్గిందని మురిసిపోవడం తప్పు. అయినా చిన్న వాటా కాదు. అయితే ఇవన్నీ భూగోళం మొత్తానికి సంబంధించిన అంకెలు. ఒక ఊరి పక్కన షెడ్డు లేచినప్పుడు ఆ ఊరి బావికీ కాలువకూ గాలికీ ఏమవుతుందో ఇవి చెప్పవు. పలు దేశాల అనుభవం చదివిన కొద్దీ నాకు గట్టిపడిన అభిప్రాయం ఒకటుంది. ఎన్ని జంతువులున్నాయన్న దానికన్నా, వాటి పెంటను తీసుకోగల నేల అందుబాటు దూరంలో ఉందా లేదా అన్నదే ఈ సమస్యకు అసలు కొలమానం. ఆ నేల సంగతి తేల్చకుండా చేసిన ఏ మరమ్మతైనా కాలుష్యాన్ని ఒక చోటి నుంచి ఇంకో చోటికి తరలించిందే తప్ప తగ్గించలేదు.

మన పాత సేద్యంలో ఈ ప్రశ్నే పుట్టలేదు. పొలంలోని గడ్డి ఎద్దుకు, ఎద్దు పేడ దిబ్బకు, దిబ్బలోని ఎరువు వేసవిలో బండ్ల మీద మళ్లీ పొలానికి చేరేది. పాలమూరు, అనంతపురం వైపు నుంచి కాపరులు గొర్రెల మందలను తోలుకొస్తే, కోతలైన పొలాల్లో రాత్రిళ్లు మంద కట్టించుకుని రైతులు వాళ్లకు గింజలో డబ్బులో ఇచ్చేవారు. ఇప్పటికీ ఇస్తున్నారు. అక్కడ పెంటకు ధర ఉంది, అది పడాల్సిన చోటే పడుతోంది. పెద్ద ఫారంలో ఈ చక్రం రెండు చోట్ల తెగుతుంది. మొక్కజొన్న ఒక జిల్లా నుంచి, సోయా చెక్క మరో రాష్ట్రం నుంచి లారీల్లో వస్తాయి. ఆ నేలల్లోని సారం ఫారం దగ్గర పెంటగా పోగుపడుతుంది. పంట పండిన నేలకు తిరిగి వెళ్లదు. అక్కడ ఆ లోటును యూరియాతో, డీఏపీతో పూడుస్తారు. ఇక్కడేమో మిగులు కుళ్లుతుంది.

కుళ్లినప్పుడు జరిగేది కొంచెం వివరంగా చూడాలి, ఎందుకంటే పరిష్కారాల మంచిచెడ్డలు అక్కడే తేలతాయి. కోడి రెట్టలో నత్రజని ఎక్కువగా యూరిక్ ఆమ్లం రూపంలో ఉంటుంది. రెట్ట పొడిగా ఉన్నంతసేపూ అది స్థిరంగానే ఉంటుంది. తడి తగిలితే సూక్ష్మజీవులు దాన్ని యూరియాగా, ఆ యూరియాను అమ్మోనియాగా మారుస్తాయి. షెడ్డులోకి అడుగుపెట్టగానే కళ్లు మండేది అందుకే. ఆ అమ్మోనియా గాలిలో పోయి ఎక్కడో నేల మీద, నీటి మీద వాలుతుంది. దారిలో ఇతర వాయువులతో కలిసి ఊపిరితిత్తుల్లోకి దిగే సన్నని ధూళిగానూ మారుతుంది. నేలలో మిగిలిన నత్రజని నైట్రేటై వాననీటితో కిందికి ఇంకి బావులకు చేరుతుంది. భాస్వరం అంత తేలిగ్గా కదలదు. మట్టి రేణువులను పట్టుకుని ఉండి, వరదకు మట్టితోపాటు కొట్టుకుపోయి చెరువుల్లో పాచినీ గుర్రపుడెక్కనూ పెంచుతుంది. అంటే గాలి, భూగర్భ జలం, చెరువు అని మూడు దారులున్నాయి. ఒక దారి మూస్తే కాలుష్యం రెండోదాని గుండా పోతుంది. పెంటగుంతకు మూత వేస్తే అమ్మోనియా ఆగుతుంది. ఆగిన నత్రజని పెంటలోనే ఉండి పొలానికి వెళ్తుంది. ఆ పొలానికి అప్పటికే చాలినంత ఉంటే అది బావిలోకి దిగుతుంది.

ఈ పాఠం అందరికంటే ఎక్కువ ఖర్చుపెట్టి నేర్చుకున్న దేశం నెదర్లాండ్స్. తెలంగాణలో సగం కూడా లేని ఆ దేశంలో కోటికి పైగా పందులు, సుమారు 10 కోట్ల కోళ్లు, 40 లక్షలకు అటూ ఇటూగా ఆవులు, దూడలు ఉంటూ వచ్చాయి. వాటికి సరిపడా మేత ఆ నేల మీద పండదు. రాటర్‌డామ్ రేవులో థాయిలాండ్ నుంచి కర్రపెండలం ముక్కలు, అమెరికా ఖండాల నుంచి సోయా చవగ్గా దిగుతుంటే, ఇసుక నేలల్లోని చిన్న రైతులు పంట భూమితో పనిలేకుండా పందుల షెడ్లు కట్టగలిగారు. 1980ల నాటికి పెంట మిగులు బహిరంగ సమస్యైంది. 1984లో కొత్త పందుల, కోళ్ల ఫారాల మీద ఆంక్షలు పెట్టారు. ఆ తర్వాత పెంటను పొలం మీద చల్లకుండా నేలలోకి ఎక్కించాలన్నారు, గుంతలకు మూతలు పెట్టాలన్నారు. వీటి వల్ల 1990 నుంచి మూడు దశాబ్దాల్లో అమ్మోనియా ఉద్గారాలు దాదాపు మూడింట రెండు వంతులు తగ్గాయి. ఇది నిజమైన విజయం. నెదర్లాండ్స్‌ను వైఫల్యానికి ఉదాహరణగా మాత్రమే చూపేవాళ్లు దీన్ని చెప్పరు.

అయినా సరిపోలేదు. ఐరోపా సంఘం 1991లో తెచ్చిన నైట్రేట్ల ఆదేశం ప్రకారం, కలుషితమయ్యే ప్రమాదమున్న ప్రాంతాల్లో హెక్టారు నేలకు పెంట ద్వారా వెళ్లే నత్రజని ఏడాదికి 170 కిలోలు మించకూడదు. డచ్చివాళ్లు తమ గడ్డిభూములకు సడలింపు అడిగి తెచ్చుకుని, 2026 నాటికి దాన్ని పోగొట్టుకున్నారు. మధ్యలో 1998 నుంచి ఒక మంచి ప్రయోగం చేశారు. ప్రతి ఫారానికీ ఖనిజాల పద్దు: గేటు లోపలికి దాణాగా, ఎరువుగా ఎంత నత్రజని, ఎంత భాస్వరం వచ్చింది, పాలుగా, మాంసంగా, పెంటగా ఎంత బయటికి పోయింది, తేడా హద్దు దాటితే పన్ను. రైతు ఎలా చేయాలో చెప్పకుండా ఎంత మిగలకూడదో మాత్రమే చెప్పే పద్ధతి అది. ఐరోపా న్యాయస్థానం 2003లో అది నైట్రేట్ల ఆదేశానికి చాలదని తీర్పు చెప్పడంతో 2006 నాటికి ఎత్తేశారు. ఆ పద్దు పోవడం నష్టమేనని నా నమ్మకం. దాన్ని సరిదిద్ది నిలుపుకోవాల్సింది.

తర్వాతి కథలో మోసమూ ఉంది. పెంటను వదిలించుకోవడానికి టన్నుకు ఇంత అని రైతు ఎదురు డబ్బు కట్టాల్సి వచ్చే దేశంలో, కాగితం మీద పెంట ఒక చోటికి వెళ్లి, నిజంగా మరో చోట పడడం మొదలైంది. 2017లో అక్కడి ఎన్‌ఆర్‌సీ పత్రిక ఈ దొంగ లెక్కలను బయటపెట్టింది. 2015లో ఐరోపా పాల కోటాలు రద్దయ్యాక ఆవుల సంఖ్య పెరిగి, దేశానికున్న భాస్వరం హద్దు దాటిపోయింది. దాంతో మందలు తగ్గించి, 2018 నుంచి భాస్వరం హక్కులు పంచారు. అదే ఏళ్లలో, నత్రజని భవిష్యత్తులో తగ్గుతుందన్న అంచనా మీద ఇప్పుడే కొత్త అనుమతులిచ్చే పథకమొకటి నడిచింది. 2019 మే 29న అక్కడి అత్యున్నత పరిపాలనా న్యాయస్థానం దాన్ని కొట్టేసింది. ఇంకా జరగని తగ్గుదలను చూపి ఈరోజు అనుమతివ్వకూడదంది. ఫలితంగా రోడ్లు, ఇళ్లు, ఫారాలు కలిపి వేల నిర్మాణాలు ఆగిపోయాయి. అక్టోబరులో ట్రాక్టర్లు హేగ్ నగరాన్ని ముట్టడించాయి. 2023 మార్చిలో రైతుల పక్షాన పుట్టిన పార్టీ రాష్ట్ర స్థాయి ఎన్నికల్లో మొదటి స్థానానికి వచ్చింది. ఫారాలను కొని మూసేందుకు, గ్రామీణ ప్రాంతాలను మార్చేందుకు అనుకున్న 24 బిలియన్ యూరోలకు పైబడిన నిధిని తర్వాతి ప్రభుత్వం 2024లో పక్కన పెట్టింది. 2025 జనవరిలో హేగ్ కోర్టు, 2030 లక్ష్యాన్ని అందుకోవాల్సిందేనని ప్రభుత్వాన్ని ఆదేశించింది.

ఈ పోరులో మన రైతులకూ అధికారులకూ పనికొచ్చే వివరం ఒకటి మరుగున పడుతోంది. అమ్మోనియా తక్కువ వదిలే ప్రత్యేక గచ్చులు, గాలిని కడిగే యంత్రాలు పెట్టిన షెడ్లకు అక్కడ అనుమతులు తేలిగ్గా దొరికేవి. తీరా కొలిచి చూస్తే అవి కాగితం మీద చెప్పినంత తగ్గించడం లేదని తేలింది. రైతులు అప్పు చేసి పెట్టినవి అవి. ఎవరో ఒక ప్రయోగశాలలో కొలిచిన అంకెను నమ్మి కట్టినవాడి మీదకే తప్పు వచ్చి పడింది. వాళ్ల కోపంలో న్యాయముంది. పరికరం పేరు చూసి అనుమతివ్వడం, ఫారంలో కొలవకుండా వదిలేయడం ప్రభుత్వం చేసిన తప్పులు.

డెన్మార్క్ కథ ఇంత గొడవగా సాగలేదు. 60 లక్షల జనాభా ఉన్న ఆ దేశంలో ఏటా పుట్టే పందిపిల్లలు సుమారు 3 కోట్లు. 1986లో సముద్రం అడుగున ప్రాణవాయువు అందక చచ్చిన లాబ్‌స్టర్లను గిల్లెలై రేవులో జాలర్లు చూపించినప్పుడు దేశం ఉలిక్కిపడింది. మరుసటి ఏడాదే నత్రజని నష్టాన్ని సగానికి తగ్గించాలని పార్లమెంటు నిర్ణయించింది. వాళ్లు చేసినవి చూడ్డానికి చాలా మామూలు పనులు. ఎన్ని జంతువులుంటే అంత భూమి సొంతంగానో ఒప్పందం మీదో చూపాలి. పైరు లేని చలికాలంలో పెంట వేయకూడదు, అందుకోసం తొమ్మిది నెలలకు సరిపడా నిల్వ తొట్లు కట్టాలి. పెంటలోని నత్రజనిని రైతు తన ఎరువుల కోటాలో లెక్కేసుకోవాలి, అది పోను మిగిలినంతే బస్తా ఎరువు కొనాలి. మూడోది అన్నింటికంటే తెలివైన నియమం. పెంటను పారబోసే సరుకుగా కాక ఎరువుగా వాడక తప్పని పరిస్థితిని అది తెచ్చింది. 2000ల నాటికి నేల నుంచి కారిపోయే నత్రజని దాదాపు సగానికి తగ్గింది. సముద్రం ఇంకా కోలుకోలేదు, ఆ పని మిగిలే ఉంది. 2024లో ప్రభుత్వం, రైతు సంఘాలు, పర్యావరణ సంఘాలు కలిసి కూర్చుని పశువుల ఉద్గారాల మీద 2030 నుంచి పన్నుకు ఒప్పుకున్నాయి. టన్నుకు 300 క్రోనర్లు, 2035కి 750. అరవై శాతం మినహాయింపు పోను రైతు మీద పడేది 120, 300 క్రోనర్లే. రైతు సంఘం సంతకం చేసిన పన్ను ప్రపంచంలో ఇదొక్కటే కనిపిస్తోంది. మూడు దశాబ్దాలుగా పెంటకు పద్దు రాసే అలవాటు లేకపోతే ఆ సంతకం పడేది కాదు.

అమెరికాలోని నార్త్ కరొలైనాలో అలాంటి అలవాటేదీ లేకుండానే పందుల పరిశ్రమ పెరిగింది. 1990లలో డుప్లిన్, శాంప్సన్ కౌంటీల చుట్టూ దాదాపు కోటి పందులు చేరాయి. పెంటను నీళ్లతో కడిగి పైకప్పులేని పెద్ద గుంటల్లో నింపడం, అక్కడి నుంచి పైపులతో పక్క పొలాల మీద చిమ్మడం అక్కడి పద్ధతి. 1995 జూన్‌లో ఒక గుంట గట్టు తెగి 2 కోట్లకు పైగా గ్యాలన్ల పెంటనీళ్లు న్యూ నదిలో కలిశాయి. చేపలు లక్షల్లో చచ్చాయి. 1997లో కొత్త గుంటలను ఆపేశారు, 2007లో ఆ నిషేధం శాశ్వతమైంది. అప్పటికే ఉన్నవాటిని మాత్రం అలాగే ఉంచారు. 1999లో ఫ్లాయిడ్, 2018లో ఫ్లోరెన్స్ తుపానులకు అవే గుంటలు పొంగాయి, తెగాయి. వాటి చుట్టూ ఉన్న ఇళ్లలో నల్లజాతి పేదలవే ఎక్కువ. కిటికీ తెరవలేని, బట్టలు ఆరేసుకోలేని బతుకు గురించి వాళ్లు వేసిన దావాల్లో 2018లో జ్యూరీలు వాళ్ల పక్షాన భారీ పరిహారాలు ప్రకటించాయి. రాష్ట్ర శాసనసభ మాత్రం అలాంటి దావాలు ఇకముందు వేయడాన్నే కష్టం చేస్తూ చట్టం తెచ్చింది. అంతకుముందు, 2000లో అతిపెద్ద పందిమాంసం కంపెనీ రాష్ట్ర అటార్నీ జనరల్‌తో ఒప్పందం చేసుకుని మెరుగైన పద్ధతుల కోసం పరిశోధనకు డబ్బిచ్చింది. పర్యావరణం దృష్ట్యా మేలైన పద్ధతులు దొరికాయి కూడా. అయితే పాత ఫారాలకు అవి ఖర్చు దృష్ట్యా సాధ్యం కావని తేల్చడంతో గుంటలు గుంటలుగానే ఉన్నాయి.

ఎవరికి సాధ్యం కాదు? ఈ ప్రశ్న అడిగితే ఆ పరిశ్రమ అసలు నిర్మాణం బయటపడుతుంది. పంది కంపెనీది, దాణా కంపెనీది, మాంసం కంపెనీది. షెడ్డు, దాని మీది అప్పు, పెంటగుంట మాత్రం కాంట్రాక్టు రైతువి. ఆ రైతుకు వచ్చే పెంపకం కూలీలోంచి కొత్త యంత్రం కొనడం నిజంగానే కుదరదు. లాభం ఒకరిదీ పెంట ఇంకొకరిదీ అయిన చోట ఏ సాంకేతికతా నిలవదు.

మన బ్రాయిలర్ రైతులకు ఈ వర్ణన కొత్తగా తోచదు. ఇంటిగ్రేషన్ కింద పిల్ల, దాణా, మందు కంపెనీ ఇస్తుంది. షెడ్డు, కరెంటు, కూలీ, కింద పరిచే ఊక రైతువి. నలభై రోజులకు కంపెనీ లారీ వచ్చి బతికిన కోళ్లను పట్టుకుపోతుంది. చచ్చిన కోళ్లూ రెట్ట కలిసిన ఊకా రైతు దగ్గర మిగులుతాయి. మంచి రోజుల్లో ఆ లిట్టర్ అమ్మితే నాలుగు డబ్బులొస్తాయి, కాబట్టి రైతూ దాన్ని తనదే అనుకుంటాడు. వానాకాలంలో కొనేవాడు రాక కుప్ప నానినప్పుడు, ఈగల గురించి ఊరు ఫిర్యాదు చేసినప్పుడు నోటీసు వచ్చేదీ ఆ రైతుకే.

పెంట సమస్యకు గ్యాస్ ప్లాంటే మందు అని ఇప్పుడు బాగా వినిపిస్తోంది. గుజరాత్‌లో బనాస్ డెయిరీ డీసా దగ్గర రోజుకు 40 టన్నుల పేడతో వాహనాలకు గ్యాస్ తయారుచేస్తూ, రైతులకు కిలో పేడకు రూపాయి చొప్పున చెల్లిస్తోంది. చిన్న పాడి రైతుల ఊళ్లలో ఇది చక్కని ఏర్పాటు. మీథేన్ గాలిలో కలవకుండా ఇంధనంగా ఉపయోగపడుతుంది. ఐతే గ్యాస్‌గా పోయేది కర్బనం. నత్రజనీ భాస్వరమూ ఉన్నవి ఉన్నట్టే మిగిలిన ద్రవంలో ఉంటాయి. పైగా నత్రజని అమ్మోనియంగా మారి మరింత చురుగ్గా ఉంటుంది. దాన్ని మూతలేని తొట్టిలో వదిలేస్తే అమ్మోనియా పెరుగుతుంది. పొలం లేనివాడికి గ్యాస్ ప్లాంటు పెట్టాక కూడా పొలం కావాలి. కాలిఫోర్నియాలో డెయిరీ గ్యాస్‌కు భారీ ప్రోత్సాహకాలిచ్చినప్పుడు వచ్చిన విమర్శ ఇదే: పేడే ఆదాయమైతే మందలు ఇంకా పెరుగుతాయి, బావుల్లో నైట్రేటు తగ్గదు. కోళ్ల లిట్టర్‌ను కాల్చి కరెంటు తీయడం మరో దారి. అమెరికాలో మినసోటా రాష్ట్రం బెన్సన్‌లో 2007లో పెట్టిన 55 మెగావాట్ల టర్కీ లిట్టర్ కేంద్రాన్ని కరెంటు ఖరీదెక్కువై 2018లో మూసేశారు.

షెడ్డులో చేయగల పనుల్లో నాకు ఎక్కువ నమ్మకమున్నది దాణా దగ్గర చేసేవాటి మీద. పెంటలోకి రాని నత్రజనిని శుద్ధి చేయనక్కర్లేదు. లైసిన్, మిథియోనిన్ లాంటి అమైనో ఆమ్లాలు విడిగా కలిపి మొత్తం మాంసకృత్తులను ఒక శాతం తగ్గిస్తే, అమ్మోనియా సుమారు పది శాతం తగ్గుతుంది. గింజల్లోని భాస్వరంలో ఎక్కువ భాగం కోడికీ పందికీ అరగని రూపంలో ఉంటుంది. ఫైటేజ్ ఎంజైమ్ కలిపితే అది అరుగుతుంది, విడిగా కలిపే ఖనిజ భాస్వరం ఆదా అవుతుంది, రెట్టలోకి పోయేదీ తగ్గుతుంది. ఖర్చు తగ్గించే పనీ కాలుష్యం తగ్గించే పనీ ఒకటే అయిన అరుదైన సందర్భమిది. ఇక రెట్ట తడవకుండా చూడటం. కోళ్లు నీళ్లు తాగే నిపుల్ నుంచి కారే చుక్క, సరిగ్గా ఆడని గాలి, పంజరాల కింద నెలల తరబడి ఎత్తని కుప్ప, ఈ మూడింటి దగ్గరే ఈగలూ వాసనా మొదలవుతాయి. బెల్టు మీద పడిన రెట్టను వారానికి రెండుసార్లు తీసి ఆరబెట్టే షెడ్లలో ఈ బాధ చాలా తక్కువ.

నెమరు వేసే జంతువుల మీథేన్ వేరే శాఖ, దాన్ని క్లుప్తంగా చూస్తాను. ఆవు, గేదె పొట్టలో పుట్టే మీథేన్ గాలిలో సగటున పన్నెండేళ్లే నిలుస్తుంది. ఉన్నంతకాలం మాత్రం గట్టిగా వేడెక్కిస్తుంది. దాన్ని తగ్గించే 3-ఎన్‌ఓపీ అనే దాణా మందుకు ఐరోపా 2022లో, అమెరికా 2024లో అనుమతిచ్చాయి. పాడి ఆవుల్లో మీథేన్ సుమారు 30 శాతం తగ్గుతుందంటున్నారు. బెంగళూరులోని జాతీయ పశు పోషణ సంస్థ ‘హరిత్ ధార’ పేరుతో దేశీ మిశ్రమం రూపొందించింది. న్యూజిలాండ్ పశువుల ఉద్గారాలకు ధర కట్టాలని ఏళ్లపాటు చర్చించి 2024లో వెనక్కి తగ్గింది. మన దేశంలో వ్యవసాయ ఉద్గారాల్లో సగానికి పైగా పశువుల పొట్టలవే. కానీ అవి పెద్ద ఫారాలవి కావు, రెండు గేదెలున్న ఇళ్లవి. అక్కడ సరైన మేత అందించి పాల దిగుబడి పెంచడమే మొదటి పని. వాళ్ల మీద పన్ను ఆలోచన అన్యాయం.

మనకు సంబంధించినంతవరకు భారీ పెంపకమంటే ముందుగా కోళ్లే. దేశంలో గుడ్ల ఉత్పత్తిలో ఆంధ్రప్రదేశ్‌ది మొదటి స్థానం, తెలంగాణ మొదటి మూడింట్లో ఉంది. 2022–23 లెక్కల్లో దేశపు గుడ్లలో దాదాపు మూడో వంతు ఈ రెండు రాష్ట్రాలవే. 2019 పశుగణనలో ఆంధ్రలో 10.79 కోట్లు, తెలంగాణలో 8 కోట్ల దాకా కోళ్లు తేలాయి. తణుకు, అనపర్తి ప్రాంతాల్లో, హైదరాబాద్ చుట్టుపక్కల ఇవి గుమిగూడి ఉన్నాయి. ఇంత ఎదుగుదలకు కారణమైన రైతుల చొరవను తక్కువ చేయలేం. గుడ్డు పేదవాడి పళ్లెంలోకి వచ్చిందంటే వాళ్ల వల్లే. కాకపోతే లక్ష కోళ్ల ఫారం లెక్కను ఇంకో అడుగు ముందుకు తీసుకెళ్లి చూడాలి. అమ్మోనియాగా పోయింది పోగా ఏడాదికి 50 టన్నుల నత్రజని పెంటలో మిగిలిందనుకుందాం. ఐరోపా హద్దయిన హెక్టారుకు 170 కిలోల చొప్పున చూస్తే దానికి 294 హెక్టార్లు, అంటే 700 ఎకరాలకు పైగా కావాలి. ఒక్క ఫారానికి. మన నేలలకు, రెండు మూడు పంటలకు ఆ హద్దు యథాతథంగా నప్పకపోవచ్చు. సగం వేసుకున్నా 350 ఎకరాలు.

డచ్చి రైతుకు లేని అదృష్టం మనకుంది. మన నేలలు సేంద్రియ కర్బనం లేక ఎండిపోయి ఉన్నాయి. కొబ్బరి, ఆయిల్‌పామ్, మొక్కజొన్న, పసుపు రైతులు కోళ్ల ఎరువు కోసం ఇంకా డబ్బిచ్చి లారీలు పంపుతున్నారు. పెంటకు ఇంకా ధర ఉన్న దేశం మనది. ఆ ధర పడిపోయే పరిస్థితులు కళ్ల ముందే ఉన్నాయి. 45 కిలోల యూరియా బస్తా 270 రూపాయల లోపే దొరుకుతుంటే, టన్నుల బరువున్న, సారం ఎంతో తెలియని, పచ్చిగా వేస్తే మొక్క వేళ్లు మాడ్చే ఎరువును యాభై కిలోమీటర్లు మోయించుకునే రైతులు తగ్గుతూ వస్తారు. 2023లో కేంద్రం సేంద్రియ ఎరువుకు టన్నుకు 1,500 రూపాయల సాయం ప్రకటించింది. అది గోబర్ధన్ పథకం కింద నడిచే గ్యాస్ ప్లాంట్ల ఎరువుకు. ఫారం దగ్గరే కప్పు కింద బాగా మాగబెట్టి, పరీక్ష చేయించి అమ్మే కోళ్ల ఎరువుకూ దాన్ని వర్తింపజేయడంలో నాకు ఏ అభ్యంతరమూ కనిపించదు. మాగబెట్టడం అవసరం కూడా. కుప్ప లోపల 55 డిగ్రీలు దాటిన వేడి కొన్ని రోజులు నిలిస్తే రోగకారక క్రిములు చాలావరకు చస్తాయి. కొలిస్టిన్ లాంటి చివరి ఆసరా మందును 2019లో పశువుల దాణాలో నిషేధించాల్సి వచ్చిన దేశంలో, మందులకు లొంగని క్రిములు పచ్చి పెంటతో పొలాలకెక్కడం చిన్న విషయం కాదు.

పొలానికి పోని పెంట మన దగ్గర చేరే మరో చోటు చేపల చెరువు. నీటిలో ప్లవకాలు పెరగడానికి కోళ్ల ఎరువు వేయడం కృష్ణా, గోదావరి జిల్లాల్లో మామూలు. మితంగా, మాగినది వేస్తే అది సారాన్ని తిప్పి వాడుకోవడమే. కొల్లేరు చుట్టూ అది మితంలో లేదు. బుడమేరు, తమ్మిలేరు తెచ్చే నీళ్లూ, చెరువులు వదిలే నీళ్లూ సరస్సులో చేరి, ఉప్పుటేరు ఒక్క దారినే సముద్రానికి పోవాలి. 1999లో అభయారణ్యమై, 2002లో రామ్‌సర్ జాబితాకెక్కి, 2006లో చేపల చెరువుల గట్లు తెంచిన తర్వాత కూడా ఆ సరస్సుకు సారం బరువు తగ్గలేదు. కోడి వ్యర్థాలను చేపలకు మేతగా వేయడం నిషేధమే అయినా ఆ లారీలు రాత్రిళ్లు పట్టుబడుతూనే ఉన్నాయి. కోళ్ల ఫారం నియమాలు ఒక శాఖవీ, చేపల చెరువు నియమాలు మరో శాఖవీ అయినంతకాలం నత్రజని రెండింటి సందులోంచి జారిపోతుంది.

నియమాల విషయానికొస్తే, 2006 నాటి పర్యావరణ ప్రభావ మదింపు ప్రకటనలోని జాబితాలో పశువుల, కోళ్ల ఫారాలు లేవు. జాతీయ హరిత ట్రిబ్యునల్ 2020లో జోక్యం చేసుకున్నాక కేంద్ర కాలుష్య నియంత్రణ మండలి మార్గదర్శకాలను సవరించి, 25 వేల కోళ్లు దాటిన ఫారాలను అనుమతుల పరిధిలోకి తెచ్చింది. నివాసాలకు, నీటి వనరులకు దూరం పాటించాలంది. దూరం ముఖ్యమే, వాసనకూ ఈగలకూ అది మందు. నత్రజనికి దూరంతో పనిలేదు. ఊరికి 500 మీటర్ల అవతల కట్టిన ఫారం పెంట కూడా ఎక్కడో పడాల్సిందే. అనుమతి దరఖాస్తులో నేను చూడాలనుకునే ప్రశ్నలు వేరు. ఏడాదికి ఎంత పెంట, ఏయే రైతుల ఎన్ని ఎకరాలతో ఒప్పందం, లారీ వెళ్లిన చోటు నమోదైందా, ఇంటిగ్రేషన్ అయితే కంపెనీ సంతకం పక్కన ఉందా. ఐదు వేల కోళ్ల రైతును ఈ రాతకోతలతో వేధించనక్కర్లేదు. అతని పెంట భారం కోళ్లు ఇచ్చిన కంపెనీ పద్దులో రాస్తే చాలు. దొంగ పద్దులు రాకుండా డచ్చివాళ్ల అనుభవం నుంచి ఒక జాగ్రత్త తీసుకోవచ్చు: పెంట తీసుకున్న రైతు పొలంలో మట్టి పరీక్ష. కాగితం మీద వెళ్లిన భాస్వరం మట్టిలో కనిపించాలి.

చచ్చిన కోళ్ల సంగతి కూడా ఆ దరఖాస్తులో ఉండాలి. 2025 ఫిబ్రవరిలో ఉభయ గోదావరి జిల్లాల్లో బర్డ్ ఫ్లూ సోకినప్పుడు గోతుల కోసం స్థలాలు, జేసీబీలు, సున్నం అప్పటికప్పుడు వెతుక్కోవాల్సి వచ్చింది. నీటిమట్టం పైపైనే ఉండే డెల్టాలో లోతుగా తవ్వి పూడ్చడమంటే బావినీళ్లలో కలపడమే. రోజువారీ మరణాలకు ఊకతో, రెట్టతో కలిపి మాగబెట్టే తొట్లు, రోగం వచ్చినప్పటికి ముందే గుర్తించిన మెరక స్థలం ప్రతి ఫారాల గుంపుకూ ఉండాలి.

అన్నిటికంటే ముందు కట్టాల్సింది పైకప్పున్న నిల్వ. మన రైతులు ఎరువు ఎక్కువగా తోలేది వేసవి చివర్లో, మళ్లీ రబీకి ముందు. నడుమ వానల్లో నాలుగైదు నెలలు కుప్ప కదలదు. పొడిగా ఆరిన రెట్ట బరువు తడిదానిలో మూడో వంతుకు దిగుతుంది, కాబట్టి లక్ష కోళ్ల ఫారానికి ఐదు నెలల నిల్వ అంటే ఐదు వందల టన్నుల చోటు. గట్టి గచ్చు, ఎత్తైన రేకుల కప్పు, గాలి ఆడే పక్కలు ఉంటే చాలు. ఈ ఖర్చును షెడ్డు కోసం ఇచ్చే బ్యాంకు రుణంలోనే కలిపి, అది కట్టకుండా చివరి వాయిదా విడుదల చేయకూడదని నియమం పెడితే, దాణా గోదాము లేచే రోజే పెంట గోదామూ లేస్తుంది.